ఏడేండ్ల పాప: పక్క చక్రాలు తీస్తే ఎడమకే పడుతున్నది, ఏం చేయాలె?

నయీంనగర్ అమ్మ

మాది హన్మకొండ. పాపకు ఏడేండ్లు, ఎత్తు 118 సెంటీమీటర్లు, బరువు 20 కిలోలు. సైకిల్ 20 ఇంచులది, కొన్నప్పుడే పక్క చక్రాలు బిగించి ఇచ్చిండ్రు. వాటితోని గల్లీ చివరిదాకా జోరుగా పోయి వస్తది. అవి తీసేస్తే మాత్రం రెండు తొక్కులు తొక్కేలోపే ఎడమకు ఒరుగుతది. కుడికి పడేది తక్కువ, దాదాపు ఎప్పుడూ ఎడమకే. వాళ్ల నాన్న ఎడమ పక్కన ఉరుకుతూ ఒక చేత్తో హ్యాండిల్, ఇంకో చేత్తో సీటు పట్టుకుంటడు. పట్టుకున్నంత సేపు బాగానే పోతది, వదిలితే మళ్లీ అంతే. సీటు మొత్తం దించినా కాలివేళ్లు మాత్రమే నేలకు తాకుతున్నయి.

పక్క చక్రాలను కొంచెం కొంచెం పైకి లేపి బిగిస్తే అలవాటైతదని కొందరు అంటున్నరు. అది నిజమేనా? చిన్న సైకిల్ తీసుకోవాల్నా, దీని మీదనే నేర్పొచ్చా? మా గల్లీ సీసీ రోడ్డు, నడుమ రెండు స్పీడ్ బ్రేకర్లు, బండ్లు వస్తనే ఉంటయి. ఎక్కడ నేర్పితే మంచిదో కూడా చెప్పండి. ఇప్పుడు భయం పట్టింది, సైకిల్ తీద్దామంటే రేపు అంటున్నది.

పీఈటీ, సుబేదారి

అక్కా, మొదలు ఒక కొలత తీయండి. పాపను చెప్పులు లేకుండా గోడకు ఆనించి నిలబెట్టి, రెండు కాళ్ల మధ్య గట్టి అట్ట ఉన్న పుస్తకం పెట్టి పైకి తాకేదాకా జరపండి. పుస్తకం పై అంచు నుంచి నేల దాకా ఎంత వస్తే అది కాలి కొలత. నేర్చుకునే రోజుల్లో సీటు ఎత్తు ఆ కొలతకు సమానంగానో, ఒకటి రెండు సెంటీమీటర్లు తక్కువగానో ఉండాలె. రెండు అరికాళ్లూ నేలకు పూర్తిగా ఆనాలె, మోకాళ్లు కొద్దిగా వంగాలె. వేళ్లే తాకే ఎత్తులో కూర్చుంటే ఒరిగినప్పుడు కాలు పెట్టి ఆపుకోలేరు. ఆ భయానికి భుజాలు బిగబడతయి, భుజాలతోపాటు హ్యాండిల్ కూడా బిగుసుకపోతది. 118 ఎత్తున్న పిల్లలకు మామూలుగా 16 ఇంచుల సైకిల్ హాయిగా ఉంటది. 20 ఇంచులది పనికొస్తదా లేదా అన్నది దాని సీటు ఎంత కిందికి దిగుతదో దాన్ని బట్టి.

ఎడమకే ఎందుకు పడుతున్నదంటే: సైకిల్‌ను నిలబెట్టేది హ్యాండిల్. ఎడమకు ఒరిగితే హ్యాండిల్‌ను కొద్దిగా ఎడమకే తిప్పాలె. అప్పుడు చక్రాలు మనిషి కిందికి జరిగి సైకిల్ మళ్లీ నిటారుగా లేస్తది. తొక్కడం వచ్చినోళ్లు ఇది క్షణక్షణం చేస్తనే ఉంటరు, చేస్తున్నట్టు వాళ్లకే తెలియదు. పక్క చక్రాలున్న సైకిల్ ఒరగదు. అది మూడు చక్రాల ఆటో లెక్క నడుస్తది, మలుపులో మనిషిని బయటి వైపుకు తోస్తది. దాని మీద పిల్లలకు తొక్కడం వస్తది గానీ ఒరిగిన వైపు హ్యాండిల్ తిప్పడం రాదు. ఇక నాన్న హ్యాండిల్ పట్టుకున్నప్పుడు ఆ తిప్పే పని మొత్తం ఆయనే చేస్తున్నడు. పైగా ఆసరా ఎడమ పక్కన ఉంది కాబట్టి పాప బరువు తెలియకుండనే అటు వాలుతది. చెయ్యి తీయంగనే అటే పడుతది. అందుకని ఇవాళ్టి నుంచి హ్యాండిల్ ఎవరూ పట్టుకోవద్దు. పట్టుకోక తప్పకపోతే వెనుక నుంచి చంకల కింద, వేళ్లు తగిలీ తగలనట్టు పెట్టండి. సీటు కూడా వద్దు. సీటు పట్టుకుంటే మనమే దాన్ని నిటారుగా నిలబెడతం.

నేర్పే పద్ధతి ఇది. రెండు పెడల్స్ ఊడదీయండి. సీటు దించండి. మొదలు సీటు మీద కూర్చుండబెట్టి మామూలుగా నడిపించండి, ఒక కాలు తర్వాత ఒక కాలు. హ్యాండిల్ అటూ ఇటూ పోతే పోనీయండి. నడక కుదిరినంక అంగలు పెద్దవి చేయమనండి. ఇక్కడే బ్రేకు నేర్పాలె, తర్వాత కాదు. నేల మీద సుద్దముక్కతో గీత గీసి, కాళ్లు ఈడ్వకుండా బ్రేకుతోనే ముందు చక్రం ఆ గీత మీద ఆగేటట్టు చేయించండి. ఆగడం తన చేతిలో ఉందని తెలిస్తే సగం భయం అక్కడనే పోతది.

తర్వాత జారుడు. రెండు మూడు పెద్ద అంగలు వేసి రెండు కాళ్లు పైకి ఎత్తాలె. మొదట్లో ఒక్క సెకను కూడా నిలవదు, అది మామూలే. ఒకటి నుంచి అయిదు దాకా నిదానంగా లెక్కపెట్టేంత సేపు కాళ్లు ఎత్తి జారగలిగితే బ్యాలెన్స్ వచ్చినట్టే. ఆ తర్వాత రెండు చెప్పులు దూరంగా పెట్టి వాటి చుట్టూ ఎనిమిది అంకె తిప్పించండి. పడుతున్న వైపు తిప్పడం దీంట్లోనే ఒంటబడుతది. చూపు ముందు చక్రం మీద ఉండొద్దు. మీరు పది అడుగుల ముందు నిలబడి మీ ముఖం చూడమనండి. ఒక్కో పూట ఇరవై నిమిషాలు చాలు. అలిసినంక నేర్పితే పడుడే ఎక్కువ.

కాజీపేట సైకిల్ రిపేరు

పీఈటీ సార్ చెప్పింది నూటికి నూరు పాళ్లు కరెక్టు. కని దానికంటే ముందు సైకిల్‌ను చూడాలె అక్కా. పిల్లలది తప్పనుకుంటం, చాలాసార్లు సైకిల్‌దే ఉంటది. డబ్బల నుంచి తీసి బిగించిన కొత్త సైకిళ్లల్ల ఇవి నాలుగు ఎక్కువ కనబడతయి.

మొదటిది హ్యాండిల్ బిర్రు. ముందు చక్రాన్ని నేల నుంచి లేపి, హ్యాండిల్‌ను వేలితో జర తట్టు. చక్రం తన బరువుకు తనే పక్కకు వాలాలె. పెట్టిన కాడనే ఆగిందంటే హ్యాండిల్ తిరిగే కాడ ఫ్రేములుండే కప్పులు మరీ బిగించినట్టు. గసొంటి సైకిల్‌ను పెద్దోళ్లు గూడ సక్కగ తొక్కలేరు, చిన్నపిల్ల ఏం తొక్కుతది? తిప్పుతుంటే నడుమల గుంతల పడ్డట్టు ఆగితే ఛర్రలు (లోపలి ఇనుప గోళీలు), కప్పులు అరిగినయి, మార్చాలె.

రెండోది ముందు చిమట, అంటే ముందు చక్రాన్ని రెండు పక్కల పట్టుకునే ఫోర్కు, ఉల్టా బిగించుడు. చిమట కొసలు ముందుకు వంగి ఉండాలె. వెనుకకు ఉన్నయంటే చక్రం ఫ్రేముకు దగ్గరికి వచ్చి, హ్యాండిల్ తిప్పినప్పుడు కాలివేళ్లకు తాకుతది, తిప్పుడు సక్కగ రాదు. అంతా సక్కగ బిగిస్తే ముందు బ్రేకు చిమటకు ముందర ఉంటది, ఆ గుర్తుతోని గూడ తెలుస్తది.

మూడోది మీరు చేసిన పనికే సంబంధం ఉంది. పక్క చక్రాల పట్టీలు వెనుక చక్రం ఇరుసు నట్టుకే ఉంటయి. అవి తీసినప్పుడు నట్టు లూజు అయితది, పట్టీ మందం తగ్గుతది. మళ్ల బిగించేటప్పుడు చక్రం ఒక పక్కకు గుంజుకపోతది. వెనుకకు నిలబడి చూడు: టైరుకు రెండు పక్కల ఫ్రేము సందు ఒక్కతీరుగ ఉండాలె. ఎడమ పక్క సందు తక్కువుంటే ఇరుసు సక్కగ పెట్టి రెండు నట్లు సమంగ బిగించాలె. చైను నడుమల పట్టి పైకి కిందికి కదిపితే మొత్తం ఒక సెంటీమీటరు, మహా అంటే ఒకటిన్నర కదలాలె. ఎక్కువైతే పడిపోతది, తక్కువైతే తొక్కుడు బరువైతది.

నాలుగోది హ్యాండిల్ వంకర. చక్రాన్ని రెండు మోకాళ్ల నడుమ పట్టుకొని, పైన బోల్టు లూజు చేసి, హ్యాండిల్ చక్రానికి అడ్డంగ సరిగ్గ వచ్చేటట్టు తిప్పి బిగించు.

పైడిల్ తీసేటప్పుడు యాదుంచుకోండి, ఎడమ పైడిల్‌ది ఉల్టా మర. కుడిది మామూలుగ ఎడమకు తిప్పితే ఊడుతది, ఎడమది కుడికి తిప్పితే ఊడుతది. పానా పైకి పెట్టి వెనుక చక్రం దిక్కు గుంజితే రెండు పక్కల గూడ ఊడుతదని గుర్తు పెట్టుకుంటే చాలు. ఎక్కువ వాటికి 15 నంబరు పానా పడుతది. తీసినంక ఏది ఎడమది, ఏది కుడిది అని ఇరుసు కొసకు చూడండి, ఇంగ్లిష్ ఎల్, ఆర్ అచ్చు ఉంటది. మార్చి బిగిస్తే క్రాంకు (పైడిల్ బిగించే కడ్డీ) మర చెడుతది, మళ్ల క్రాంకే కొత్తది ఎక్కియ్యాలె.

హంటర్ రోడ్ తమ్ముడు

పక్క చక్రాలు మరీ తీసిపారేయాల్సిన అవసరం లేదు కదా? నేల నుంచి రెండు అంగుళాలు లేపి బిగిస్తే సైకిల్ కొంచెం ఒరుగుతది, పిల్లలకు ధైర్యం ఉంటది. చాలామంది అట్లనే నేర్చుకుంటరు.

పీఈటీ, సుబేదారి

తమ్మీ, నేర్చుకుంటరు, కాదనను. కాకపోతే ఆలస్యమైతది. లేపి బిగించినప్పుడు పిల్లలు ఏం చేస్తరంటే, ఒక చక్రం మీద వాలి అట్లనే తొక్కుకుంటూ పోతరు. ఒరుగుడు అక్కడికి ఆగుతది కాబట్టి హ్యాండిల్‌తో సరిచేసుకోవాల్సిన పని పడదు. ఎక్కువ ఒరిగి మలిగితే వెనుక చక్రం నేల నుంచి లేచి బ్రేకు పట్టదు, తొక్కినా ముందుకు పోదు. గుంతల రోడ్డు మీద ఇది ఇంకా ప్రమాదం. కాళ్లు నేలకు అందే సీటు ఉంటే ధైర్యం కాళ్లతోనే వస్తది, చక్రాలు అక్కర్లేదు.

నయీంనగర్ అమ్మ

కాలి కొలత 53 సెంటీమీటర్లు వచ్చింది. సీటు పూర్తిగా దించితే నేల నుంచి 62. ముందు చక్రం లేపి తట్టి చూసినం, హ్యాండిల్ పెట్టినచోటే ఆగింది. చిమట సరిగానే ఉంది. వెనుక చక్రం ఎడమ పక్క సందు కుడి కంటే తక్కువ ఉన్నట్టు కనిపిస్తున్నది. ఇంకోటి, బ్రేకు లివర్ పాప వేళ్లకు అందుత లేదు, చెయ్యి హ్యాండిల్ మీద నుంచి తీసి పట్టుకుంటున్నది.

కాజీపేట సైకిల్ రిపేరు

దొరికింది అక్కా. హ్యాండిల్ బిర్రు, వెనుక చక్రం వంకర, రెండు కలిసి పిల్లను పడేస్తున్నయి.

కప్పులకు పైన రెండు నట్లు ఉంటయి. పైనిది తాళం నట్టు, కిందిది కప్పు. తాళం నట్టు లూజు చేసి, కప్పును పావు చుట్టు కంటే తక్కువ వెనుకకు తిప్పి, మళ్ల తాళం నట్టు బిగించాలె. బిగించేటప్పుడు కప్పు తిరగకుండ పట్టుకోవాలె, లేకుంటే మళ్ల బిర్రయితది. ఇప్పుడు ముందు బ్రేకు గట్టిగ పట్టి సైకిల్‌ను ముందుకు వెనుకకు ఊపు. టక్ టక్‌మని ఆడితే ఎక్కువ లూజు అయినట్టు, జర బిగించు. ఆడొద్దు, తట్టితే వాలాలె. ఆ నడుమ ఉంటది సరైన బిగింపు. పెద్ద పానాలు ఇంట్ల ఉండవు కాబట్టి దుకాణానికి తీస్కపోతే పది నిమిషాల పని. అన్నీ విప్పి గ్రీజు పెట్టుమని గూడ చెప్పండి, కొత్త సైకిల్‌ల గ్రీజు తక్కువ పెడతరు.

బ్రేకు లివర్ మీద, హ్యాండిల్ దిక్కు చిన్న స్క్రూ ఉంటది. అది లోపలికి బిగిస్తే లివర్ హ్యాండిల్‌కు దగ్గరికి వస్తది. తర్వాత వైరును సరిచెయ్యాలె. రబ్బరుకు, రిమ్ముకు నడుమ రెండు మూడు మిల్లీమీటర్ల సందు ఉండాలె, లివర్ పూర్తిగ ఒత్తినా హ్యాండిల్‌కు తాకొద్దు. లోపలి వైరు తుప్పు పట్టి ఉంటే నూనె పోసుడు కంటే వైరు మార్చుడే మేలు, ఖర్చు తక్కువ. నూనె రిమ్ముకు అంటితే బ్రేకు పనిచెయ్యది, అది గూడ చూసుకోండి.

సీటుది మాత్రం తేలేటట్టు లేదు. 53కు 62 అంటే తొమ్మిది సెంటీమీటర్ల తేడా. సీటు కింద క్లిప్పును ఉల్టా తిప్పి బిగిస్తే రెండు మూడు తగ్గుతది, పైపు కోసుడు ఫ్రేము లోపల ఖాళీ ఉంటేనే పనికొస్తది. అంత చేసినా 53కు రాదు. నేర్చుకునేటందుకు 16 ఇంచులది పాతది చూడండి. ఇప్పుడున్నది పక్కన పెట్టండి, కాలి కొలత 60 దాటినంక అదే పనికొస్తది.

పాతది కొనేటప్పుడు పైసలు ఇచ్చే ముందు చక్రాలు లేపి తిప్పి చూడండి. రిమ్ము బ్రేకు రబ్బర్ల నడుమ అటూ ఇటూ ఊగితే చక్రం పుల్లలు (స్పోకులు) లూజు, అది బిగిస్తే పోతది. క్రాంకును పక్కకు ఊపితే ఆడిందంటే లోపలి ఛర్రలు పోయినట్టు, దానికి ఖర్చు ఎక్కువ. ఫ్రేము అతుకుల కాడ పెయింటు పగిలి సన్నగీత కనబడితే ఆ సైకిల్ వద్దు, ఎంత తక్కువకిచ్చినా వద్దు.

పీఈటీ, సుబేదారి

చిన్న సైకిల్ దొరికినంక స్థలం సంగతి. గడ్డి మీద నేర్పితే దెబ్బలు తగలవని అనుకుంటరు కానీ గడ్డిలో చక్రం జారదు, వేగం రాదు, వేగం లేకపోతే బ్యాలెన్స్ నిలవదు. నడక కంటే నిదానంగా పోయే సైకిల్ ఎవరికైనా తూలుతది. గట్టి మట్టి నేలనో, ఖాళీ సిమెంటు జాగానో కావాలె. తొక్కకుండనే మెల్లగా జారేంత కొద్దిపాటి వాలు ఉండి, కింద సమంగా ముగిస్తే ఇంకా మంచిది. ఆర్ట్స్ కాలేజీ గ్రౌండ్‌ల పొద్దున నడిచేటోళ్లు, క్రికెట్ ఆడేటోళ్లు లేని అంచు చూసుకోండి. భద్రకాళి బండ్ మీద జనం ఎక్కువ, నేర్చుకునేటోళ్లకు కుదరదు. ఖిలా వరంగల్ వైపు పోతే కోట దర్వాజల దారిలో తొక్కనియ్యొద్దు, అక్కడ దారి మలుపు తిరిగి ఉంటది, ఎదురు బండి దగ్గరికొచ్చేదాకా కనబడదు. ఎండాకాలం అయితే పొద్దున ఏడున్నర లోపే అయిపోవాలె.

వానాకాలం తర్వాత గ్రౌండ్ అంచుల్లో పల్లేరు కాయలు ఉంటయి. టైరును తిప్పుతూ చేత్తో తడిమి చూసి పీకేయండి, లేకపోతే రోజూ పంచరే.

జారుడు వచ్చినంక పెడల్స్ బిగించండి. సీటు అప్పుడే ఎత్తొద్దు. మొదలు పెట్టేటప్పుడు కుడి పెడల్‌ను పైకి, కొంచెం ముందుకు పెట్టాలె, గడియారంలో రెండు గంటల ముల్లు ఉండే చోట. సైకిల్‌ను కుడి పక్క నుంచి చూస్తే అట్ల కనిపించాలె. కుడి కాలుతో దాన్ని కిందికి నొక్కుతూ, ఎడమ కాలుతో నేలను ఒక్కసారి తన్నాలె. మొదటి నొక్కుడు బలంగా లేకపోతే వేగం చాలక పడుతరు. పాపకు ఏ కాలు బలమో చూసి ఆ కాలుతోనే మొదలు పెట్టించండి, కుడే అని ఏమీ లేదు. పెడల్ కోసం కిందికి చూస్తే హ్యాండిల్ వంకర పోతది. అందుకని నిలబడి ఉన్నప్పుడే కళ్లు మూసుకొని కాలు పెడల్ మీద పెట్టే అలవాటు చేయించండి.

సాఫీగా పోవడం, గీత మీద ఆగడం, ఒక చెయ్యి తీసి సైగ చేయడం, వెనుకకు తిరిగి చూసినా దారి తప్పకపోవడం, ఇవన్నీ వచ్చేదాకా గల్లీ దాటనియ్యొద్దు. వీధికుక్క వెంటపడితే వేగం పెంచడం కాదు, ఆగి దిగి సైకిల్‌ను కుక్కకు, తనకు మధ్యన పెట్టుకొని మెల్లగా నడవాలని ముందే చెప్పి పెట్టండి. ఉరికేదాన్ని చూస్తేనే కుక్క వెంటపడుతది.

పిల్లల వార్డు సిస్టర్

హెల్మెట్ గురించి ఎవరూ రాయలేదు కాబట్టి చెప్తున్నా. కనుబొమ్మలకు రెండు వేళ్ల పైన దాని అంచు ఉండాలె, వెనుకకు వాలొద్దు. పట్టీలు చెవి కింద కలవాలె, గడ్డం కింద ఒక వేలు మాత్రమే పట్టాలె. పట్టీ పెట్టుకోకముందు తల ఊపితే జారిపోయే హెల్మెట్ పెద్దదైనట్టు. ఒకసారి గట్టిగా దెబ్బ తగిలిన హెల్మెట్‌ను మళ్లీ వాడొద్దు, లోపలి థర్మాకోల్ నలిగి ఉంటది, పైకి తెలియదు. చున్నీ, వదులు పైజామా వద్దు, చైన్‌లో పడతయి. చెప్పులు కాకుండా బూట్లు వేయండి.

మోకాలు గీరుకుంటే ధారగా పోసే మంచి నీళ్లతో మట్టి పోయేదాకా కడగండి, చుట్టూ సబ్బు రుద్దండి. పసుపు, కాఫీ పొడి, దూది పెట్టొద్దు, గాయంలో అతుక్కొని తీసేటప్పుడు మళ్లీ రక్తం వస్తది. 5-6 ఏండ్లకు వేసే డీపీటీ బూస్టర్ (ధనుర్వాతం రాకుండా కూడా కాపాడే టీకా) పడ్డదా లేదా కార్డు చూసుకోండి. పడకపోయి ఉంటే, ఏడేండ్లు నిండినంక డీపీటీ వేయరు కాబట్టి, గాయమైనా కాకపోయినా డాక్టరును అడిగి ఆ వయసుకు వేసే టీకా వేయించాలె. చేతులు ఆనించి పడ్డప్పుడు మణికట్టు వాచి, ముట్టుకుంటే ఏడుస్తుంటే పట్టు వేసి చూద్దామనుకోకుండా ఎక్స్‌రే తీయించండి. తలకు తగిలి వాంతి చేసుకున్నా, మగతగా ఉన్నా ఆగకుండా ఆసుపత్రికి పోవాలె.

తమ్ముడో చెల్లెనో ఉంటే క్యారేజీ మీద ఎక్కించుకోనియ్యొద్దు. వెనుక కూర్చున్న పిల్లల మడమ పుల్లల్లో పడి చర్మం ఒలిచిపోయే దెబ్బలు చాలా చెడ్డవి, మానడానికి వారాలు పడతయి.

నయీంనగర్ అమ్మ

అందరికీ చాలా థ్యాంక్స్. రేపు సైకిల్ దుకాణానికి తీసుకపోతం, 16 ఇంచులది కూడా చూస్తం. టైరులో గాలి ఎంత ఉండాలె? పెట్రోల్ బంకులో కొట్టించొచ్చా?

కాజీపేట సైకిల్ రిపేరు

టైరు పక్కనే ఎంత గాలి పట్టాలనో అచ్చు ఉంటది, దాన్ని దాటొద్దు. పిల్లల టైర్లకు మామూలుగ 30, 35 పీఎస్ఐ (గాలి ఒత్తిడి కొలత) కాడ ఉంటది. బంకుల గాలి మోటరు బండ్లకు. చిన్న ట్యూబు రెండు సెకన్లల్ల నిండుతది, చూసుకోకుంటే పగులుతది. చేతి పంపుతోని కొట్టండి. బొటనవేలితో గట్టిగ నొక్కితే జరంత లోపలికి పోవాలె. మెత్తగ ఉంటే తొక్కుడు బరువై, పిల్ల త్వరగ అలిసిపోతది. పంచరు లేకున్నా రెండు రోజులకోసారి గాలి దిగుతుంటే వాల్వు మీది సన్న రబ్బరు గట్టిపడ్డట్టు, అదొక్కటి మార్చితే చాలు.

పైడిల్ మళ్ల బిగించేటప్పుడు మరకు జరంత గ్రీజు పెట్టి, మొదలు చేత్తోని నాలుగు చుట్లు తిప్పండి. చేత్తోని తిరగకుంటే వంకర ఎక్కుతున్నట్టు, వెనుకకు తీసి మళ్ల పెట్టండి. చేత్తోని పోయినంక పానాతోని బిర్రు చేయండి. ఒకరోజు తొక్కినంక ఇంకోసారి పానా పెట్టి చూడండి, కొత్తగ బిగించింది ఎప్పుడైనా జర లూజు అయితది.